కావేరి వెలుగు, కంపెనీ టైము



ఇప్పటి పిల్లల కథల్లో ఒక మాయదీపం ఉందంట. అది వెలుగుతా ఉంటే కాలం చెదరకుండా నిలబడుతుంది, ఆరితే పగలూ రాత్రీ కలిసిపోతాయి. అట్లాంటి దీపం మన కోలారు బంగారు గనుల్లో నిజంగానే వెలిగింది. మాయ మంత్రం ఏమీ లేదు, కావేరి నీళ్లే. వెలిగిన తేదీ 1902 జూన్ 30.

అంతకు ముందు గనుల్లో యంత్రాలన్నీ ఆవిరి మీద నడిచేవి. జాన్ టేలర్ కంపెనీ 1880ల్లో వచ్చినప్పటి నుంచి కట్టెలు, బొగ్గు మండించడమే. బౌరింగ్‌పేట (మన బంగారపేట) నుంచి మారికుప్పానికి 1894లో రైలు వేసిన తర్వాత సామాను రాక సులువైంది గానీ, బొగ్గు ఖర్చు తగ్గలేదు. అప్పుడు మైసూరు సర్కారులో ఉన్న ఇంజనీరు జోలీ డి లోట్బినియర్ శివనసముద్రం జలపాతం దగ్గర కరెంటు తీసి గనులకు పంపుదామన్నాడు. దివాన్ శేషాద్రి అయ్యర్ దానికి అండగా నిలబడినారు. టర్బైన్లు స్విట్జర్లాండ్ నుంచి, జనరేటర్లు అమెరికాలోని జనరల్ ఎలక్ట్రిక్ కంపెనీ నుంచి వచ్చినాయి. 92 మైళ్ల లైను, 35,000 వోల్టులు. ఆ కాలానికి ప్రపంచంలోనే చాలా పొడుగైన లైన్లలో అది ఒకటి. పాపం, శేషాద్రి అయ్యర్ ఆ వెలుగు చూడలేదు, 1901లోనే పోయినారు.

ఆసియాలోనే మొదటి జలవిద్యుత్తు మనదే అని మనవాళ్లు స్టేజీ ఎక్కినప్పుడల్లా చెప్తారు. అది సరి కాదు. డార్జిలింగులో చిన్నదొకటి 1897లోనే ఉంది. బెంగళూరు వీధిదీపాలకంటే మూడేళ్లు ముందు మన గనులకు కరెంటు వచ్చిందనేది మాత్రం నిజం, అది చాలదా?

ఇంక కాలం సంగతికి వస్తాను. నేను రైల్వేలో గుమాస్తాగా పనిచేసినవాణ్ణి, టైము మీద కొంచెం పట్టింపు ఎక్కువ. 1902లో ఈ దేశానికి ఒకే టైము లేదు. రైళ్లు మద్రాసు టైముతో నడిచేవి, ఊళ్లు సూర్యుణ్ణి చూసుకునేవి. మద్రాసులో సూర్యుడు నడినెత్తికి వచ్చిన ఎనిమిది నిమిషాల తర్వాత గాని మనకు రాడు. 1906 జనవరి 1 నుంచి ఇండియన్ స్టాండర్డ్ టైము వచ్చింది. మద్రాసు గడియారాన్ని తొమ్మిది నిమిషాలు ముందుకు తిప్పాల్సి వచ్చింది. ఆ లెక్కన ఈ రోజుకీ మన ఊళ్లో నడిమధ్యాహ్నం గడియారంలో సగటున 12.17కి అవుతుంది. పైన ఉన్న మనిషికి ఈ తేడా తెలియదు, నీడ చూసుకుంటాడు. ఛాంపియన్ రీఫ్‌లో తర్వాత తర్వాత మూడు కిలోమీటర్లకు పైగా లోతుకు పోయినారు. అక్కడ ఏ నీడ చూసుకోవాలి?

అక్కడ బల్బే సూర్యుడు. షాఫ్టు దగ్గర బల్బు, అవతల తలకు కట్టిన దీపం. ఆ వెలుగు పగలూ రాత్రీ ఒకే తీరు కాబట్టి, పనీ మూడు షిఫ్టుల్లో ఒకే తీరుగా నడిచింది. మిల్లు ఆగనక్కర లేదు. శివనసముద్రం జనరేటర్లు సెకనుకు 25 సైకిళ్లు తిరిగేవి (ఇప్పుడు మన ఇళ్లలో 50). ఆ తిరుగుడు తప్పకుండా చూసుకోవడానికే అక్కడ మనుషులుండేవారు. అంటే అన్ని మైళ్ల అవతల కావేరి ఒడ్డున చక్రం సరిగ్గా తిరిగితేనే ఇక్కడ మన తాతల దినం సరిగ్గా తిరిగేది.

కానీ ఆ వెలుగు ముందు ఎవరికి వచ్చింది? మిల్లుకు, షాఫ్టుకు, దొరల బంగళాలకు, క్లబ్బుకు. కూలీ లైన్లలో, అంటే చిత్తూరు, అనంతపురం, ఉత్తర ఆర్కాటు నుంచి వచ్చిన మనవాళ్ల వెదురు తడికెల గుడిసెల్లో, చాలా ఏండ్లు కిరోసిన్ బుడ్డే. లైను ఇంటికి వెలుగు రాలేదు గానీ, ఆ వెలుగు పెట్టిన టైము మాత్రం వచ్చేసింది, సైరను రూపంలో. మేము దాన్ని సంగు అనేవాళ్లం, తమిళం మాటే. తెలుగువాళ్లూ, తమిళంవాళ్లూ, కన్నడంవాళ్లూ అందరికీ అదే మాట. సంగు కూస్తే పొయ్యి వెలిగించాలి, సంగు కూస్తే క్యారియరు కట్టాలి. మా అమ్మ వంటింట్లో గడియారం లేదు, చేతికి వాచీ లేదు, అయినా ఒక్క దినమూ అన్నం ఆలస్యం కాలేదు. కానీ షిఫ్టు లేని వేళ కూస్తే మాత్రం ఆడవాళ్లందరూ చేతిలో పని వదిలేసి షాఫ్టు వైపు పరుగెత్తేవాళ్లు. లోపల రాయి పగిలిందని అర్థం. ఆ కూతకు టైము లేదు.

1956లో గనులు మైసూరు సర్కారు చేతికి, 1972లో భారత్ గోల్డ్ మైన్స్ చేతికి పోయినాయి. సంగు మారలేదు. 2001 ఫిబ్రవరి 28న గనులు మూసేసినారు. తర్వాత నెలల పాటు మా వీధిలో ముసలాయన ఒకరు రాత్రి షిఫ్టు వేళకు లేచి కూర్చునేవాడు. లేపింది ఏదీ లేదు. చొక్కా వేసుకుని అరుగు మీద కూర్చుని, ఎవరూ పిలవకపోతే మళ్లీ లోపలికి పోయేవాడు.

ఇప్పుడు మారికుప్పం, ఛాంపియన్, ఉరిగాం, కోరమండల్ స్టేషన్లలో తెల్లవారకముందే వేలమంది బెంగళూరు రైలెక్కుతారు. క్యారియరు అదే. మన పిల్లలు బెంగళూరులో వెలిగే లైట్ల కింద ఎవరిదో షిఫ్టు చేసి, రాత్రికి ఇల్లు చేరతారు. రైలు అరగంట లేటైతే ఊరంతా లేటు.

మీ ఇళ్లలో తాతల కాలం నాటి గని దీపం గానీ, షిఫ్టు బిళ్ల గానీ, జీతం చీటీ గానీ ఉంటే పాతసామాను వాడికి వేయవద్దు. ఆదివారం సంఘం ఆఫీసుకు తీసుకురండి. ఎవరిది, ఏ షాఫ్టు, ఏ షిఫ్టు అని నేను పుస్తకంలో రాసి పెడతాను. తమిళంలో చెప్పినా సరే, తెలుగులో చెప్పినా సరే.