వాయిదాకు రాని వాది

దావా వేసినవాడే విచారణకు రాకపోతే ఏం చేయాలన్నది చాలా పాత ప్రశ్న. కౌటిల్యుడి అర్థశాస్త్రం జవాబు చెప్పుకోవడానికి ప్రతివాదికి మూడు నుంచి ఏడు రాత్రుల గడువిచ్చింది. ఆ జవాబుకు వాది మాత్రం అదే రోజు బదులివ్వాలి, లేదా ఓడినట్టే. ఏం అడగాలో ముందే తేల్చుకుని వచ్చినవాడు వాదే కదా అన్నది అక్కడ చెప్పిన కారణం. నారదస్మృతి ఐదు రకాల ‘హీనుల’ను, అంటే వ్యాజ్యంలో ఓడినట్టు లెక్కకొచ్చేవారిని పేర్కొంటూ, హాజరు కానివాణ్ణి, పిలిస్తే పారిపోయేవాణ్ణి విడివిడిగా చూపింది. స్మృతుల వ్యవహారకాండను తెలుగువారికి పద్యాల్లో అందించినది 13వ శతాబ్దపు కేతన. ఆయన ‘విజ్ఞానేశ్వరీయం’ యాజ్ఞవల్క్యస్మృతి వ్యాఖ్య అయిన మితాక్షరకు తెలుగు రూపం.

నేటి పద్ధతికి మూలం 1859 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్. వాది గైర్హాజరైతే అతనికి వ్యతిరేకంగా తీర్పు; దానిపై అప్పీలు లేదు; తగిన కారణం చూపితే 30 రోజుల్లో రద్దు చేయించుకోవచ్చు. 1877లో, 1882లో కోడ్‌ను తిరగరాశారు. 1908 నాటి కోడ్ 1909 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చింది. నిజాం పాలన ముగిసిన హైదరాబాద్ రాష్ట్రానికి అది 1951 ఏప్రిల్ 1న గానీ చేరలేదు.

ఈ 1908 కోడ్‌లో తొమ్మిదో ఆర్డరు చేసిన తేడా గమనించదగ్గది. పిలుపు సమయానికి ఇరుపక్షాలూ లేకపోతే మూడో రూలు కింద దావా కొట్టేస్తారు. అయినా కాలదోషం పట్టనంతవరకు వాది కొత్త దావా వేసుకోవచ్చు, లేదా పాతదాన్నే పునరుద్ధరించమని కోరవచ్చు. ప్రతివాది ఒక్కడే వస్తే ఎనిమిదో రూలు వర్తిస్తుంది. అతను బాకీ ఒప్పుకున్నంత మేరకు డిక్రీ ఇచ్చి మిగిలింది కొట్టేస్తారు. అప్పుడు అదే వ్యాజ్య కారణంపై మళ్లీ దావా వేయడానికి తొమ్మిదో రూలు ఒప్పుకోదు. మిగిలేది పునరుద్ధరణ (రెస్టోరేషన్) పిటిషనే. అంటే వాది చేసిన తప్పు ఒకటే అయినా, శిక్ష ఎంతన్నది ఎదుటివాడు ఆ పూట కోర్టుకు వచ్చాడా లేదా అన్నదానిపై ఉంటుంది. పనిమానుకుని వచ్చినవాణ్ణి రెండోసారి తిప్పకూడదనే దీని ఉద్దేశం కాబట్టి, కఠినమైనా అన్యాయం అనలేం.

చనిపోయిన వాది రాలేదని దావా కొట్టేస్తే? అవధ్ ప్రాంతం నుంచి వెళ్లిన దేబీ బక్ష్ సింగ్ కేసులో 1913లో ప్రీవీ కౌన్సిల్‌కు సరిగ్గా ఇదే ఎదురైంది. మరణించినవాడికి గైర్హాజరు అంటగట్టలేమని, అలాంటి పొరపాటును దిద్దుకునే అధికారం కోర్టుకు సహజంగానే ఉంటుందని తేల్చింది.

వకీలు తప్పు కక్షిదారుకు తగలాలా అన్నది తర్వాతి చిక్కు. 1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు తగలకూడదంది. అప్పీలును పునరుద్ధరించి, ఖర్చులు ఆ రాని వకీలు నుంచే వసూలు చేయమంది. 1993లో సలీల్ దత్తా కేసులో మాత్రం అది అన్ని వేళలా చెల్లే సూత్రం కాదని హద్దు గీసింది.

గైర్హాజరు (డిఫాల్ట్) కింద దావా కొట్టేసిన ఉత్తర్వు డిక్రీ కాదు. దానిపై అప్పీలు ఉండదు. తొమ్మిదో రూలు కింద పెట్టుకున్న పిటిషన్‌ను తోసిపుచ్చితే మాత్రం ఆ ఉత్తర్వుపై అప్పీలుకు వెళ్లవచ్చు. పిటిషన్‌కు గడువు 1963 లిమిటేషన్ చట్టంలోనూ 30 రోజులే.