వెనుక స్థావరం ప్రశ్న: నల్లగొండ, పాలమూరు గెరిల్లా పోరాటం (1947–51)

తెలంగాణ సాయుధ పోరాట విరమణను మన చరిత్రకారులు ఎక్కువగా పంథాల తగాదాగానే చెబుతూ వచ్చారు. రష్యా దారా (పట్టణ కార్మికుల తిరుగుబాటు), చైనా దారా (పల్లెల గెరిల్లా పోరు) అన్న వాదన 1948 నుంచి కమ్యూనిస్టు పార్టీని లోలోపల చీల్చింది. 1951 ఫిబ్రవరిలో నలుగురు నాయకులు రహస్యంగా మాస్కో వెళ్లి స్టాలిన్‌ను కలిశారు. అదే ఏడాది అక్టోబరు 21న పార్టీ పోరాటాన్ని విరమించింది. ఈ వరుసలో తప్పు లేదు గాని, ఇందులో నల్లగొండ కనిపించదు. అక్కడి రాతిగుట్టలు, చెరువుల కింది మాగాణి, తండాలు, బెజవాడ రోడ్డు, దక్షిణాన అమ్రాబాదు అడవి లెక్కలోకి రావు. పోరాటం ఎందుకు అంతకాలం నిలిచింది, ఎందుకు అక్కడ ఆగింది అన్న రెండు ప్రశ్నలకూ జవాబు సిద్ధాంత పత్రాలలో కన్నా ఈ నేల అమరికలో ఎక్కువగా దొరుకుతుందని ఈ వ్యాసం ప్రతిపాదన.

మాస్కో వెళ్లినవారు చండ్ర రాజేశ్వరరావు, మాకినేని బసవపున్నయ్య, డాంగే, అజయ్ ఘోష్. మొదటి ఇద్దరూ ఆంధ్ర నాయకులు, చైనా దారిని సమర్థించినవారు. ఆంధ్ర కార్యదర్శివర్గం 1948లోనే మావో ‘నవ ప్రజాస్వామ్యం’ను ప్రమాణంగా తీసుకుంది. అప్పటి ప్రధాన కార్యదర్శి రణదివే దాన్ని ఎద్దేవా చేశాడు. 1950 జనవరి 27న కమ్యూనిస్టు పార్టీల అంతర్జాతీయ వేదిక కమిన్‌ఫారం పత్రిక సంపాదకీయం చైనా అనుభవాన్ని మెచ్చుకోవడంతో తక్కెడ తిరగబడింది. ఆ ఏడాదే రాజేశ్వరరావు ప్రధాన కార్యదర్శి అయ్యాడు. అంటే తమ దారికి అంతర్జాతీయ ముద్ర పడిందన్న నమ్మకంతో వెళ్లినవారికి మాస్కోలో మరో మాట వినిపించింది. ఆ చర్చల నుంచి పుట్టిన ఎత్తుగడల పత్రం భారతదేశాన్ని చైనాతో పోల్చి మూడు తేడాలు చూపింది. 1927 చీలికతో చైనా పార్టీకి సొంత సైన్యం దక్కింది, ఇక్కడ అలాంటిది లేదు. భారతదేశంలో రైల్వేలు, రవాణా చైనాలో కన్నా ఎక్కువ కాబట్టి ప్రభుత్వం బలగాలను త్వరగా దించగలదు. చైనా సేనలు చివరకు మంచూరియా చేరి సోవియట్ యూనియన్‌ను వెన్ను కాచుకున్నాయి. ఇక్కడ ఆ వెనుక స్థావరం లేదు.

మూడో అంశమే నా ఆసక్తి. వెనుక స్థావరం లేదన్న మాట 1951కి నిజం, 1947కి కాదు. నల్లగొండకు ఒక వెనుక స్థావరం ఉండేది. అది కృష్ణా జిల్లా.

మ్యాపు చూస్తే ఈ సంగతి తెలుస్తుంది. మునగాల పరగణా చుట్టూ నిజాం రాజ్యం, పరిపాలనేమో మద్రాసు రాష్ట్రంలోని కృష్ణా జిల్లాది. నల్లగొండ నడుమ బ్రిటిష్ ఇండియా ముక్క అన్నమాట. ఆ పరగణా జమీందారు నాయని వెంకట రంగారావు హైదరాబాదులో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్ర భాషా నిలయానికీ, విజ్ఞాన చంద్రికా మండలికీ అండగా నిలిచిన వ్యక్తి. ఆయన రైతులే 1930లలో ఆయన మీద ఉద్యమం నడిపారు. మునగాలలో నేర్చిన సంఘం పని సరిహద్దు దాటి హుజూర్‌నగర్, సూర్యాపేట తాలూకాలకు పాకింది. నిజాం రాజ్యంలో పార్టీ మీద నిషేధం ఉన్న రోజులలో కృష్ణా జిల్లా బెజవాడలో పార్టీ కార్యాలయం బాహాటంగా నడిచేది, పార్టీ పత్రిక ‘ప్రజాశక్తి’ అక్కడే అచ్చయ్యేది. నిజాం రాజ్యంలోని తెలుగువారి సంస్థ ఆంధ్ర మహాసభను రావి నారాయణరెడ్డి నాయకత్వంలో పేదరైతు సంఘంగా మార్చిన చిలుకూరు (1941), భువనగిరి (1944) సభలు నల్లగొండ జిల్లాలోనే జరగడానికి ఈ ఇరుగుపొరుగు కూడా ఒక కారణం. 1946 జులై 4న కడవెండిలో దొడ్డి కొమురయ్య నేలకొరిగినప్పుడు జనగామ తాలూకా కూడా నల్లగొండ జిల్లాలోదే. 1947 సెప్టెంబరు 11న రావి నారాయణరెడ్డి, బద్దం ఎల్లారెడ్డి, మఖ్దూం మొహియుద్దీన్ సాయుధ ప్రతిఘటనకు పిలుపునిచ్చే నాటికి దళాలకు తప్పించుకునే దారి, ఆయుధం వచ్చే దారి రెండూ తూర్పు సరిహద్దులోనే ఉన్నాయి. కాంగ్రెస్ శిబిరాలు కూడా ఆ సరిహద్దులోనే వెలిశాయి.

ఆ తలుపు రెండు దెబ్బలకు మూసుకుపోయింది. 1948 మొదటి నెలలలోనే మద్రాసు ప్రభుత్వం కృష్ణా జిల్లాలో కమ్యూనిస్టుల మీద విరుచుకుపడింది. సెప్టెంబరు 13న హైదరాబాదు మీద భారత సైన్యం ‘పోలీసు చర్య’ మొదలైంది. ప్రధాన దళం షోలాపూరు వైపు నుంచి వచ్చినా, తూర్పు దళం బెజవాడ నుంచి కోదాడ, మునగాల మీదుగా సూర్యాపేట దారి పట్టింది. పారిస్‌లో భద్రతా మండలి హైదరాబాదు ఫిర్యాదును 16న విన్నది. 17న నిజాం లొంగిపోయాడు. నిజాం పక్షాన నిలిచిన రజాకార్ల పీడ వదిలిందని ఊళ్లు ఊపిరి పీల్చుకున్నాయి. దళాలకు మాత్రం ఎదుటి శత్రువు మారాడు, వెనుక ఉన్న ఆసరా పోయింది.

ఎత్తుగడల పత్రం రైల్వేల గురించి చెప్పింది గాని, నల్లగొండ విషయంలో రైలుది చిన్న పాత్ర. సికింద్రాబాదు–కాజీపేట లైను భువనగిరి, ఆలేరు, జనగామ అంచున పోతుంది. నల్లగొండ పట్టణానికి అప్పటికి రైలే లేదు. జిల్లాను నడిమికి కోసింది నకిరేకల్, సూర్యాపేట, కోదాడల మీదుగా పోయే రోడ్డు. ఒకప్పుడు బెజవాడ నుంచి సాయం వచ్చిన దిక్కు నుంచే ఇప్పుడు సైనిక లారీలు వచ్చాయి.

బయట తావు లేనప్పుడు దళాలు అడవిని వెతుక్కున్నాయి. కొన్ని గోదావరి అడవులకు, కొన్ని దేవరకొండ మీదుగా డిండి వాగు దాటి మహబూబ్‌నగర్ (పాలమూరు) జిల్లా అమ్రాబాదు వైపు, నల్లమలలోకి వెళ్లాయి. పార్టీ నాయకుడు పుచ్చలపల్లి సుందరయ్య తన పోరాట చరిత్రలో ఈ విస్తరణకు పెద్ద చోటే ఇచ్చారు. ఆయన దాన్ని ముందడుగుగా చూశారు. నాకది వెనుకడుగుగా కనిపిస్తుంది. అమ్రాబాదు పీఠభూమిలో ఉన్నది చెంచుల పెంటలు (చిన్న గూడేలు). 1940లో అక్కడ పరిశోధన చేసిన మానవశాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్ 1943లో అచ్చువేసిన పుస్తకం చదివితే ఆ బతుకు ఎంత పలుచనిదో తెలుస్తుంది: గడ్డలు, పండ్లు, కొద్దిపాటి వేట. మిగులు గింజ లేనిచోట దళం దాక్కోగలదు, నిలదొక్కుకోలేదు. చుట్టూ ఉన్న పాలమూరు మైదానంలో గద్వాల, వనపర్తి, జటప్రోలు, అమరచింత, గోపాలపేట సంస్థానాలు తరతరాలుగా పాతుకుపోయి ఉన్నాయి. సంఘం వేళ్లు నల్లగొండలో దిగినంత లోతుగా అక్కడ దిగలేదు. కరువుకు పాలమూరు కూలీ ఊరు విడిచి వలసపోయేవాడు. అలాంటి పల్లెలో సంఘం నిలబెట్టడం తేలిక కాదు.

ప్రపంచ చరిత్రలో దీనికి సరైన జోడీ చైనా కాదు, గ్రీసు. అక్కడి కమ్యూనిస్టు గెరిల్లాలు యుగోస్లావియా సరిహద్దు మీద ఆధారపడ్డారు. స్టాలిన్‌తో తగవు పడ్డ టిటో 1949 జులైలో సరిహద్దు మూసేశాడు. ఆగస్టులో గ్రామోస్ కొండలలో వారి ఓటమి పూర్తయింది. వియత్నాంలో ఇందుకు తలకిందుల కథ: 1950 నాటికి చైనా సరిహద్దు తెరుచుకుంది, పోరు బలపడింది. మలయాలో 1950 నుంచి బ్రిగ్స్ పథకం అడవి అంచు జనాన్ని కంచెల మధ్య కొత్త ఊళ్లకు తరలించి గెరిల్లాలకు తిండి అందకుండా చేసింది. తెలంగాణలో కోయ గూడేలను, లంబాడా తండాలను కదిలించి శిబిరాలలో ఉంచిన తీరును సుందరయ్య ఆ పథకంతోనే పోల్చారు. మావోను చదివిన ఆంధ్ర నాయకులు పక్కనే జరుగుతున్న గ్రీసు కథ మీద ఎక్కువ దృష్టి పెట్టి ఉంటే, 1949లోనే వేరే నిర్ణయానికి వచ్చేవారేమో.

దీనికి ఒక బలమైన అభ్యంతరం ఉంది. నేల కాదు, వర్గాల పొత్తు చెదరడమే అసలు కారణమని రావి నారాయణరెడ్డి వంటివారి వాదన. నిజాం వ్యతిరేక పోరులో కలిసివచ్చిన ఆసాములు యూనియన్ సైన్యం రాగానే పక్కకు తప్పుకున్నారు. 1949లో జాగీర్లు రద్దయ్యాయి, 1950లో కౌలు చట్టం వచ్చింది. 1951 ఏప్రిల్ 18న అప్పటి నల్లగొండ జిల్లా పోచంపల్లిలో హరిజనులు భూదానోద్యమ నాయకుడు వినోబా భావేను 80 ఎకరాలు అడిగితే వెదిరె రామచంద్రారెడ్డి 100 ఎకరాలు ఇచ్చారు. ఈ వాదనను నేను కాదనను. అయితే పొత్తు చెదిరిన ఊళ్లలో కూడా దళాలు మూడేళ్లు నిలిచాయి. కడకు వాటిని కదల్చింది తిండి, దారి, దాపు కరువవడమే. సుందరయ్య లెక్కల ప్రకారం దాదాపు 4,000 మంది ప్రాణాలిచ్చారు. వారిలో ఎక్కువ మంది పోయింది పోలీసు చర్య తరువాతే.

ఈ నేల తేడా ఓట్లలోనూ కనిపించింది. 1952 సాధారణ ఎన్నికలలో నిషేధం వల్ల పీపుల్స్ డెమొక్రటిక్ ఫ్రంట్ (పీడీఎఫ్) పేరుతో నిలిచిన కమ్యూనిస్టులు, వారి మిత్రులు 175 స్థానాల హైదరాబాదు శాసనసభలో 42 గెలిచారు. నల్లగొండ లోక్‌సభకు రావి నారాయణరెడ్డి నెహ్రూ కన్నా ఎక్కువ ఓట్లతో నెగ్గారు. అదే ఎన్నికలలో మహబూబ్‌నగర్ జిల్లా షాద్‌నగర్ నుంచి గెలిచిన బూర్గుల రామకృష్ణారావు ముఖ్యమంత్రి అయ్యారు. 1931లో దేవరకొండ ఆంధ్ర మహాసభకు అధ్యక్షత వహించింది ఆయనే. దళాలకు చివరి ఆశ్రయమైన జిల్లా కాంగ్రెస్‌కు ముఖ్యమంత్రిని ఇచ్చింది. కమ్యూనిస్టులకు ఆ ఓట్లు వచ్చింది సైన్యం ముందుగా చేరుకున్న రోడ్డు పక్క మాగాణి ఊళ్ల నల్లగొండ నుంచి.