తపతి ఒడ్డున మొదలైన బొంబాయి రైలు

పేరులో బొంబాయిని ముందు పెట్టుకున్న రైల్వే కంపెనీ తొలి బండి బొంబాయిలో కదలలేదు. బాంబే, బరోడా అండ్ సెంట్రల్ ఇండియా రైల్వే మొదటి మార్గం 1860 ఫిబ్రవరి 10న మొదలైంది. అది సూరత్‌కు ఎదురుగా, తపతి ఉత్తర గట్టున ఉన్న ఉత్రాణ్ నుంచి అంకలేశ్వర్ వరకు 29 మైళ్ల దారి. అప్పటికి బొంబాయిలో మరో కంపెనీ రైళ్లు ఏడేళ్లుగా నడుస్తున్నాయి.

కారణం ఒప్పందంలోనే ఉంది. 1855లో ఈస్టిండియా కంపెనీ అనుమతించింది సూరత్ నుంచి బరోడా మీదుగా అహ్మదాబాద్ వరకే. బొంబాయి వైపు పొడిగింపు తరువాతి మాట. పట్టాలు, ఇంజన్లు ఇంగ్లండ్ నుంచి ఓడల్లో రావాలి. రైలే లేని ఈ తీరానికి అవి నీటి మీదుగానే చేరాలి. మొగలుల కాలంలో మక్కా యాత్రికులు ఓడ ఎక్కిన సూరత్, రేవుగా వెలుగు తగ్గాక ఇలా రైలుకు పుట్టిల్లయింది.

నిర్మాణానికి సూత్రధారి లెఫ్టినెంట్ కల్నల్ జాన్ పిట్ కెన్నెడీ. సిమ్లా నుంచి టిబెట్ వైపు కొండదారి వేయించిన అనుభవం ఆయనది. గుజరాత్‌లో కొండల బెడద లేదు. తపతి, నర్మద వంటి వెడల్పాటి నదులే అడ్డు. నదికో నమూనా గీయకుండా, 60 అడుగుల ఇనుప గర్డర్లనే వరుసగా పేర్చే పద్ధతిని ఆయన ఎంచుకున్నాడు. వాటిని మోసే ఇనుప స్తంభాల అడుగున మరలుండేవి. వాటిని తిప్పుతూ నదీగర్భంలోకి దించేవారు.

1861లో అమెరికా అంతర్యుద్ధంతో అక్కడి పత్తి ఆగిపోయి, లాంకషైర్ మిల్లులు గుజరాత్ పొట్టి పింజ పత్తికి ఎగబడ్డాయి. ధరలు ఆకాశాన్నంటాయి. పట్టాలు 1863లో అహ్మదాబాద్‌ను, 1864 నవంబర్ 28న బొంబాయి గ్రాంట్ రోడ్‌ను చేరాయి. మరుసటి ఏడాదే యుద్ధం ముగిసి పత్తి ధర కుప్పకూలింది. పత్తి బేళ్లు మోసిన తీరపు పడవలకు మాత్రం పాత రోజులు మళ్లీ రాలేదు. రైలు తెచ్చిన లాభంతో పాటు ఈ నష్టాన్నీ చరిత్ర రాసుకోవాలి.

తరువాతి దశాబ్దాల్లో గుర్తుంచుకోదగ్గది ఫ్లయింగ్ రాణీ. 1906లో పుట్టిన ఈ బొంబాయి–సూరత్ బండి పలుమార్లు ఆగి, 1950లో మళ్లీ పట్టాలెక్కింది. 1979లో దీనికి రెండంతస్తుల పెట్టెలు తగిలించారు. రోజూ బొంబాయి వెళ్లొచ్చే ఉద్యోగులు, వ్యాపారులు పై అంతస్తులో కూర్చుని పేకాడుకున్నారు, స్నేహాలు చేసుకున్నారు. 2023లో ఆ పెట్టెలను తీసేశారు. కొత్తవి మరింత భద్రమైనవే. అయినా పాత పెట్టెలతో పోయిన అందాన్ని అవి తీర్చలేవు.

సూరత్ నుంచి తూర్పుకు తిరిగే దారి తపతి లోయ రైల్వేది. 1900 నాటికి అది అమల్నేర్ చేరింది. తరువాత జల్‌గావ్‌తో కలిసింది. అహ్మదాబాద్–చెన్నై నవజీవన్ ఎక్స్‌ప్రెస్ నేడు ఈ దారినే భుసావల్, వార్ధా, బల్లార్షా మీదుగా వరంగల్, విజయవాడ వస్తుంది. ఉన్న ఊళ్లో మగ్గం కూడు పెట్టక, కరీంనగర్, వరంగల్ ప్రాంతాల పద్మశాలీలు సూరత్ మరమగ్గాలకు వలస వెళ్లారు. సూరత్ రైలు కథలో రేవుకు, పత్తికి ఉన్నంత చోటు ఈ నేతపనివాళ్లకూ దక్కాలి.