కాసబ్లాంకా సినిమాలో జేబుదొంగ

బెర్లిన్‌లో మా పై అంతస్తులో ఉండే పెద్దావిడ ఒకరోజు మాటల మధ్యలో, చిన్నప్పుడు తాను చూసిన ‘కాసబ్లాంకా’ సినిమాలో నాజీలే లేరని చెప్పారు. నాకు నమ్మబుద్ధి కాలేదు. నాజీల నుంచి పారిపోయే మనుషుల కథ కదా అది! వాళ్లే లేకపోతే ఎవరు ఎవరి నుంచి పారిపోతున్నట్టు?

వాకబు చేస్తే ఆవిడ మాట నిజమేనని తేలింది. 1952లో పశ్చిమ జర్మనీలో ఆ సినిమా విడుదలైనప్పుడు సుమారు 25 నిమిషాల భాగం కోసేశారు. మేజర్ స్ట్రాసర్ అనే నాజీ అధికారి పాత్ర మొత్తం ఎగిరిపోయింది. నాజీలను ఎదిరించిన నాయకుడు విక్టర్ లాస్లోకి డబ్బింగ్‌లో పేరు మార్చి, డెల్టా కిరణాలేవో కనిపెట్టిన నార్వే శాస్త్రవేత్తను చేశారు. పూర్తి సినిమా ఇక్కడి టీవీలో వచ్చేసరికి 1975 అయింది.

ఈ బెర్లిన్‌లో ఏ వీధిలో నడిచినా కాలిబాట రాళ్ల మధ్య చిన్న ఇత్తడి పలకలు కనబడతాయి. ఆ ఇంట్లోంచి ఎవరిని తీసుకెళ్లారో, ఎక్కడ చంపారో వాటి మీద చెక్కి ఉంటుంది. తన తప్పును రోడ్డు మీదే రాసిపెట్టుకున్న దేశం అని కొత్తలో నేను ఇంటికి ఫోన్ చేసి గొప్పగా చెప్పేవాణ్ని. ఇప్పటికీ గొప్పగానే చెబుతాను. కానీ అదే దేశం కొన్నేళ్లపాటు తన నేరాన్ని వెండితెర మీద నుంచి కూడా కత్తిరించి పారేసిందని తెలిశాక, ఆ ఇత్తడి పలకల వెనక ఎంత పెనుగులాట జరిగిందో కొంచెం అర్థమైంది.

ఆ తర్వాత పూర్తి సినిమా పెట్టుకుని మళ్లీ చూశాను. ఈసారి నా కన్ను హీరో రిక్ మీద లేదు, పక్కనున్నవాళ్ల మీద ఉంది. మొదట్లోనే ఓ కెఫే బయట ఇంగ్లిష్ దంపతులు కూర్చుని ఉంటారు. వీధిలో పోలీసులు జనాన్ని పట్టుకుపోతుంటారు. బక్కపల్చటి మనిషి ఒకడు వాళ్ల దగ్గరికొచ్చి సంగతేమిటో వివరిస్తాడు. ఊరంతా దొంగలే, ఒళ్లు దగ్గర పెట్టుకుని ఉండండి అని ఆప్తుడిలా హెచ్చరిస్తాడు. హెచ్చరిస్తూనే పర్సు కొట్టేసి వెళ్లిపోతాడు. మాట భయపెడుతుంటే చెయ్యి ఊరడిస్తుంటుంది. ఆ ఊరడింపులోనే దొంగతనం జరిగిపోతుంది. తర్వాతెప్పుడో రిక్ కెఫేలో హెడ్ వెయిటర్‌ని ఢీకొని క్షమాపణ చెబుతాడు. అతను అటు కదలగానే వెయిటర్ గాభరాగా తన జేబులన్నీ తడుముకుంటాడు. ఆ పాత్ర అంతే. మొత్తం కలిపినా రెండు నిమిషాలుండదు.

ఆ జేబుదొంగ వేషం కట్టిన కుర్ట్ బోయిస్ అచ్చమైన బెర్లిన్ మనిషి. 1901లో ఈ ఊళ్లోనే, ఒక యూదు కుటుంబంలో పుట్టాడు. పాలపళ్లు ఊడకముందే లియో ఫాల్ రాసిన ఒక ఆపరెట్టాలో హైనర్లే అనే పల్లెటూరి పిల్లవాడి వేషంతో పేరు తెచ్చుకున్నాడు. 1909లో ‘ముట్టర్‌లీబె’ అనే మూకీలో నటించాడు. అక్కడి నుంచి దాదాపు 80 ఏళ్లు నటుడిగానే బతికాడు.

సురభి నాటకాలు ఎరిగిన మనకు ఇలాంటి బాల్యం గురించి విడమరిచి చెప్పక్కర్లేదు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ‘కీచకవధ’తో మొదలైన ఆ కుటుంబాల్లో పిల్లలు నడక నేర్చేది స్టేజీ మీదే. ఈ రాత్రి మహారాజు, రేపు రాత్రి ద్వారపాలకుడు. ఇద్దరూ పూసుకునేది ఒకే డబ్బాలో రంగు. చిన్నప్పుడు మా ఊళ్లో వాళ్లు రేకుల షెడ్డు వేసినప్పుడు, పొద్దున కుళాయి దగ్గర బిందె పట్టుకుని నిలబడ్డ కుర్రాడే రాత్రికి బాలకృష్ణుడై గాల్లో తేలుతూ వచ్చాడు. మర్నాడు బళ్లో మా అందరికీ అదే ముచ్చట.

ఆ కుర్రాణ్ని పెద్దయ్యాక, తెలుగు ఒక్క ముక్క కూడా ఎవరికీ రాని దేశంలో దించారనుకోండి. తీగల మీద ఎగిరే విద్య అక్కడా పనికొస్తుంది. మంటలు, మాయలు, మెరుపులు పనికొస్తాయి. కానీ శకుని నోట్లోని ఎత్తిపొడుపు ఏమవుతుంది? పద్యం చివర రాగం తీస్తే ‘వన్స్ మోర్’ అని ఎవరు అరుస్తారు? దుర్యోధనుడి వేషం వేసినవాణ్ని అక్కడ ఏ హోటల్ సీన్లోనో ప్లేట్లు పట్టుకుని నిలబడమంటారు. యాస ఉన్నవాడికి యాస ఉన్న వేషమే దొరుకుతుంది. బోయిస్‌కి జరిగింది సరిగ్గా ఇదే.

1920లలో బెర్లిన్ కాబరేల్లో, హాస్య నాటకాల్లో అతను పేరున్న నటుడు. ‘చార్లీస్ ఆంట్’ నాటకంలో మేనత్త వేషం కట్టి జనాన్ని విరగబడి నవ్వించాడు. 1927లో వచ్చిన ‘పాపెన్‌హైమ్ యువరాజు’ సినిమాలో కూడా ఆడవేషం వేశాడు. మనకు ఇందులో వింతేముంది? స్థానం నరసింహారావుగారి సత్యభామకు నీరాజనాలు పట్టినవాళ్లం. నాజీలు మాత్రం 1940లో యూదుల మీద విషం కక్కడానికి ‘డెర్ ఎవిగె యూడె’ అనే ప్రచార చిత్రం తీసి, అందులో ఆ ఆడవేషం ముక్కను అతికించారు. యూదులు ఎలాంటివాళ్లో చూడండి అంటూ, నటుడు కట్టిన వేషాన్నే అతని జాతి నేరంగా చూపించారు. వెనకటికి ఆ సీనుకు చప్పట్లు కొట్టినవాళ్లలో ఎంతమంది ఇప్పుడు ఈ సినిమాకు తలలూపి ఉంటారోనని తలచుకుంటే ఒళ్లు జలదరిస్తుంది.

అప్పటికి బోయిస్ ఈ దేశంలో లేడు. హిట్లర్ గద్దెనెక్కాక దేశం విడిచి, 1934లో అమెరికా చేరాడు. ముందు బ్రాడ్‌వేలో ప్రయత్నించి, 1937 నుంచి హాలీవుడ్‌లో చిన్నాచితకా వేషాలు వేశాడు. కాసబ్లాంకా జేబుదొంగ వాటిలో ఒకటి. ఆ సినిమా తారాగణంలో చాలామంది యూరప్ నుంచి పారిపోయి వచ్చినవాళ్లే. నాజీ మేజర్‌గా భయపెట్టిన కాన్రాడ్ ఫైట్ కూడా నాజీలను అసహ్యించుకుని దేశం వదిలినవాడే.

సముద్రం దాటనివాళ్ల గతి వేరు. కుర్ట్ గెరోన్ ‘బ్లూ ఏంజెల్’లో ఇంద్రజాలికుడిగా నటించాడు. 1928లో నాటకకర్త బ్రెక్ట్ ‘త్రీపెన్నీ ఒపెరా’ తొలి ప్రదర్శనలో మాక్ ది నైఫ్ పాట పాడాడు. ఒట్టో వాల్‌బుర్గ్ తెర మీద కనబడితే చాలు, జనం నవ్వేవాళ్లు. ఇద్దరూ పొరుగునున్న నెదర్లాండ్స్‌లో తలదాచుకున్నారు. జర్మన్ సైన్యం అక్కడికీ వచ్చింది. ఇద్దర్నీ 1944లో ఔష్విట్జ్‌లో చంపేశారు. ఒక దేశం తనను నవ్వించినవాళ్లను ఏరి ఏరి చంపుకుందంటే, ఇన్నేళ్లుగా ఇక్కడే ఉంటున్నా నా బుర్రకు అందదు.

యుద్ధం ముగిశాక బోయిస్ అమెరికాలో ఉండిపోవచ్చు. కానీ 1950లో వెనక్కి వచ్చేశాడు, అదీ తూర్పు బెర్లిన్‌కి. ఎందుకొచ్చాడన్నది నాకు నా బతుకును బట్టే అర్థమవుతుంది. మా ఊళ్లో పెళ్లయినా పేరంటమైనా నేను నోరు విప్పితే నలుగురు నవ్వేవాళ్లు. ఇక్కడ నా జర్మన్ ఆఫీసు పనికి సరిపోతుంది, అద్దె ఒప్పందానికి సరిపోతుంది, డాక్టరుకు నొప్పి చెప్పుకోవడానికీ సరిపోతుంది. మాట విసిరి నవ్వించడానికి మాత్రం సరిపోదు. హాస్యానికి ప్రాణం సమయం. పరాయి భాషలో మాట కోసం వెతుక్కునే ఆ అర క్షణంలోనే సమయం దాటిపోతుంది. బోయిస్‌కి కావలసింది ఆ అర క్షణమేనని నా నమ్మకం. అది బెర్లిన్‌లో తప్ప ఇంకెక్కడా దొరకదు.

వచ్చాక దొరికింది కూడా. 1952లో బ్రెక్ట్ నడిపే బెర్లినర్ ఆన్‌సాంబుల్‌లో ‘పుంటిలా దొర, అతని పాలేరు మట్టి’ నాటకంలో పుంటిలా వేషం కట్టాడు. తాగితే దేవుడు, మత్తు దిగితే రాక్షసుడు, అలాంటి భూస్వామి పాత్ర అది. బ్రెక్ట్ కూడా ప్రవాసం నుంచి తిరిగొచ్చినవాడే. ఆ నాటకం ఫిన్లాండ్‌లో తలదాచుకున్నప్పుడు రాసింది. ఒక్కసారి ఆ 1952 సంవత్సరాన్ని గుర్తు పెట్టుకోండి. పశ్చిమాన సినిమా హాళ్లలో నాజీలను కోసేసిన కాసబ్లాంకా ఆడుతోంది. అదే ఏడాది తూర్పున, ఆ సినిమాలో జేబుదొంగగా రెండు నిమిషాలు కనబడిన మనిషి రాత్రంతా నాటకాన్ని తన భుజాల మీద మోస్తున్నాడు.

తూర్పు బెర్లిన్‌లోనూ అతను ఎక్కువ కాలం ఇమడలేదు. 1954లో పశ్చిమానికి మారాడు. తర్వాత బెర్లిన్ గోడ లేచింది. ఆ ఏళ్లలో నాటకాలు, టీవీ, మళ్లీ పక్క పాత్రలు. అవి వేగంగా దాటేస్తాను, ఎందుకంటే నాకు ప్రాణమైన రెండు వేషాలు అతని ముసలితనంలోనే వచ్చాయి.

ఒకటి, 1981లో మార్కుస్ ఇమ్‌హోఫ్ అనే స్విస్ దర్శకుడు తీసిన ‘పడవ నిండిపోయింది’. యుద్ధకాలంలో సరిహద్దు దాటి వచ్చిన యూదులను స్విట్జర్లాండ్ వెనక్కి పంపిన కథ. అందులో వియన్నా నుంచి వచ్చిన ముసలి శరణార్థి ఓస్ట్రోవ్‌స్కీగా బోయిస్ నటించాడు. ఆ ముఖం మీది అలసటను ఏ దర్శకుడూ నేర్పించి ఉండడు.

రెండోది, విమ్ వెండర్స్ 1987లో తీసిన ‘బెర్లిన్ మీద ఆకాశం’. అందులో బోయిస్ హోమర్ అనే ముసలి కథకుడు. ప్రభుత్వ గ్రంథాలయం మెట్లు ఆయాసపడుతూ ఎక్కుతాడు. తర్వాత గోడ పక్కన, పిచ్చి మొక్కలు మొలిచిన ఖాళీ స్థలంలో పోట్స్‌డామర్ ప్లాట్జ్ ఎక్కడుందని వెతుకుతాడు. ఒకప్పుడు ఇక్కడే కాఫీ తాగేవాణ్ణి, ఆ యోస్టీ కెఫే ఏదీ అని తనలో తను గొణుక్కుంటూ, ఎవరో పారేసిన కుర్చీలో కూలబడతాడు. పక్కనే ఎవరికీ కనబడని దేవదూతగా ఒట్టో జాండర్ నడుస్తుంటాడు. ఈ ఖాళీ స్థలం యూరప్‌లోకెల్లా రద్దీ కూడళ్లలో ఒకటిగా ఉన్న రోజులు ఆ నటుడు నిజంగా ఎరుగును. పాత్ర వెతుక్కుంటున్నదీ అతను పోగొట్టుకున్నదీ ఒక్కటే. నేను ఆ కూడలిలో రైలు మారినప్పుడల్లా ఆ గాజు మేడల కింద ఆ గడ్డి నేల ఉందని తలుచుకుంటాను.

ఆ వేషానికి 1988లో, యూరోపియన్ ఫిల్మ్ అవార్డులు మొదలైన తొలి ఏడే, ఉత్తమ సహాయ నటుడి బహుమతి వచ్చింది. అప్పటికి అతనికి 87 ఏళ్లు. మరుసటి ఏడు గోడ కూలడం కూడా కళ్లారా చూసి, 1991 క్రిస్మస్ రోజున ఈ ఊళ్లోనే కన్నుమూశాడు.

జర్మనీ చరిత్ర చెప్పమని ఇంటి దగ్గర ఎవరైనా అడిగితే నేనిప్పుడు హిట్లర్ దగ్గర మొదలుపెట్టడం లేదు, బోయిస్ దగ్గర మొదలుపెడుతున్నాను. తరిమేసిన దేశానికి ఒక మనిషి తిరిగొచ్చి మళ్లీ రంగు పూసుకున్నాడంటే, ఆ నమ్మకానికి ఈ దేశం అప్పటికి తగినది కాదనే అంటాను. కాసబ్లాంకా మీద వేసిన కత్తిరింపులే దానికి సాక్ష్యం. తగినది కావడానికి దానికి చాలా ఏళ్లు పట్టింది, ఇంకా పడుతోంది. ఈలోగా అతనిలాంటివాళ్లు కొందరు వచ్చి, ఈ భాషలో మనుషులు మళ్లీ హాయిగా నవ్వుకునేలా చేశారు. తర్వాత తరాల జర్మన్లు వాళ్లకు ఎంత రుణపడి ఉన్నారో ఇక్కడి బడి పుస్తకాల్లో కూడా రాయాలని నా కోరిక.