కిల్పెక్ చర్చి చూరు కింద

ఇంగ్లండ్‌లోని హెరిఫర్డ్ నగరం దాటి నైరుతి దిక్కుగా, పచ్చిక బయళ్ళ మధ్య ఇరుకు దారిలో వస్తున్నారు మీరు. వేల్స్ సరిహద్దు ఇక ఎంతో దూరం లేదు. గుప్పెడు ఇళ్ళ కిల్పెక్ పల్లె. సమాధి రాళ్ళ నడుమ ఎర్ర ఇసుకరాతి చర్చి. ఆకాశాన్ని తాకే శిఖరం లేదు, పడమటి గోడ మీద చిన్న గంట గూడు అంతే. 1140 ప్రాంతంలో కట్టారు.

దక్షిణ ద్వారం దగ్గర ఆగండి. తలుపు పైన అర్ధచంద్రాకారపు రాతిపలక నిండా తీగలా అల్లుకున్న జీవవృక్షం. దాని చుట్టూ కమాను మీద డ్రాగన్లు, పక్షి ముక్కుల తలలు. ఎడమ స్తంభం మీద తీగల్లో చిక్కుకున్న యోధులు. వాళ్ళ లాగుల మీది చారలు ఇప్పటికీ లెక్కపెట్టొచ్చు. రాయి గట్టిది కాబట్టే ఇన్ని శతాబ్దాల వానకు ఉలి గీత అరగలేదు.

ఇక తలెత్తండి. చూరును మోసే రాతి దిమ్మెలు గోడల చుట్టూ బారులు తీరాయి. మిగిలినవి 85. వేటకుక్క, కుందేలు పక్కపక్కనే గుడ్లు మిటకరిస్తున్నాయి. ఒక చోట ఫిడేలు వాయించేవాడు, ఇంకో చోట పంది. క్రీస్తుకు గుర్తయిన గొర్రెపిల్లకూ ఆ వరుసలోనే చోటు. తూర్పు వైపు తిరిగితే, రెండు చేతులతో తన మర్మాంగాన్ని విప్పి చూపే స్త్రీమూర్తి షీలా నా గిగ్. ఆలంపురం మ్యూజియంలో లజ్జాగౌరిని చూసినవాళ్ళకు ఈమె పూర్తిగా కొత్త కాదు. షీలా సంతానానికి గుర్తా, కామానికి హెచ్చరికా అన్న వాదన పండితుల్లో తెగలేదు. పడమటి మూలల్లో నోళ్ళు తెరిచిన డ్రాగన్ తలలు వైకింగుల పనితనాన్ని తలపిస్తాయి.

లోపల మసక వెలుతురు. జనం నిలిచే పెద్ద గది, దాని వెనక గురువు ఉండే చోటు, చివర బలిపీఠమున్న అర్ధవృత్తం. ముందుకు వెళ్ళేకొద్దీ చర్చి సన్నబడుతుంది. మధ్య కమానుకు అటూ ఇటూ ఒకరి మీద ఒకరుగా ముగ్గురేసి పునీతులు. స్పెయిన్‌లోని సాంతియాగో యాత్రాస్థలంలోనూ స్తంభాల మీద ఇలాంటి మూర్తులున్నాయి.

బయటికొచ్చి పడమటికి చూడండి. మట్టిదిబ్బ మీద మొండిగోడలు నార్మన్ ప్రభువుల కోటవి. 1134లో ఇక్కడి చర్చి హక్కును గ్లాస్టర్ మఠానికి ధారపోసిన హ్యూ ఆ వంశం వాడే. చర్చిని చెక్కిన శిల్పుల పేర్లు మాత్రం ఎక్కడా లేవు. చరిత్రకారులు వాళ్ళ పనిని హెరిఫర్డ్‌షైర్ శైలి అంటారు.

కోట కూలింది, ఊరు చిక్కిపోయింది. చర్చిలో మాత్రం ఇప్పటికీ ప్రార్థనలు జరుగుతున్నాయి. దేవుడి ఇంటి గోడ మీద కుక్కకూ ఫిడేలు వాడికీ చోటివ్వడమే ఈ చర్చి గొప్పతనం. మీరెప్పుడైనా వెళితే, లోపలికి అడుగుపెట్టే ముందు చుట్టూ ఒక ప్రదక్షిణం చేయండి.