బారిడీహ్ ఇండ్లలో ధమ్మము

బౌద్ధ పునరుజ్జీవన చరిత్రను సభల చరిత్రగా, స్తూపాల చరిత్రగా వ్రాయుట మనకు పరిపాటి. వంటింటిలోను, పెండ్లిపందిరిలోను, బడి దరఖాస్తులోను కూడ అది జరిగినదని మా తలంపు.

జంషెడ్‌పూర్‌కు తెలుగువారు వచ్చినది ఇనుము కొరకు. 1907లో టాటా సంస్థ ఏర్పడినది. 1912లో సాక్చీలో తొలి ఉక్కు పోతపోశారు. శ్రీకాకుళం ప్రాంతపు కుటుంబాలు ఖరగ్‌పూర్ మీదుగా కాలీమాటి స్టేషనుకు చేరేవి. 1919లో ఆ స్టేషను టాటానగర్, ఊరు జంషెడ్‌పూర్ అయినవి. వారు విడిచివచ్చిన వంశధార ఒడ్డున శాలిహుండం కొండపై బౌద్ధ శిథిలాలున్నవి. ఎందరికో ఆ కొండ తెలుసు, బుద్ధుడు తెలియడు. వెంట వచ్చినవి గ్రామదేవత, సంక్రాంతి, తద్దినము.

1956 అక్టోబరు 14న నాగపూరులో దీక్ష గైకొన్న అంబేద్కర్ తన అనుచరులచే 22 ప్రతిజ్ఞలు చేయించారు. శ్రాద్ధము చేయను, పిండము పెట్టను అన్నది వానిలో ఒకటి. దేవుళ్ళను మానుట కంటె దీనిని మానుటే బారిడీహ్‌లోని మా ఇండ్లలో కష్టమైనది. కాలము చేసిన భర్తకు ముద్ద పెట్టవద్దంటే నాయనమ్మలు ఒప్పుకోలేదు. ఆయన ఆకలితో ఉండిపోడా అన్నది వారి ప్రశ్న. సిద్ధాంతము దానికి జవాబు కాలేదు. చివరకు ఆనాడు త్రిశరణ పంచశీలములు చెప్పుకొని, వండినది ఆకలిగొన్నవారికి పెట్టుట అలవాటైనది. గారెలు మాత్రము మానలేదు, మానవలసిన పనియు లేదు.

పెండ్లిలో ముహూర్తము పోయి పూలదండలు, పంచశీల వచ్చినవి. ఇక్కడ చిక్కు చట్టముది. 1955 నాటి హిందూ వివాహ చట్టము బౌద్ధులకును వర్తించును. దాని 7వ సెక్షను వధూవరులలో ఒకరి ఆచారవిధిని కోరును. నిన్నమొన్న ఏర్పడిన విధి ఆచారమెట్లగునని ఎవరైన అడుగవచ్చును. కావున పెండ్లిని రిజిస్టరు చేయించుటలో అశ్రద్ధ తగదు; 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టము కూడ ఉన్నది.

అన్నిటికంటె బరువైనది బడి దరఖాస్తులోని మతపు గడి. 1950 నాటి షెడ్యూల్డు కులాల ఉత్తర్వు తొలుత హిందువులకే పరిమితము. 1956లో సిక్కులు, 1990లోగాని బౌద్ధులు అందులో చేరలేదు. ఆ నడుమ కాలములో బౌద్ధుడనని వ్రాసిన తండ్రి, కొడుకు చదువుకు, కొలువుకు ఆ హోదాను వదులుకొన్నట్లే. అందుచే ఇంట బుద్ధుడు, కాగితముపై హిందువు. దీనిని పిరికితనమనువారితో మేము ఏకీభవించము; అది పిల్లల అన్నము లెక్క. అయితే చట్టము మారి మూడు దశాబ్దులు దాటినను చాల ఇండ్లలో ఆ గడి మారలేదు. తాత వ్రాసినదే మనుమడును వ్రాయుచున్నాడు.