చేర్యాల పటం, బైరాన్‌పల్లి బురుజు

చేర్యాల చరిత్ర అనగానే మారిన సరిహద్దులను ఏకరువు పెట్టడం మనకు అలవాటు. సాయుధ పోరాటం నాటికి ఈ ప్రాంతం నల్లగొండ జిల్లా జనగామ తాలూకాలోది. ఆ తర్వాత వరంగల్ జిల్లాలోకి పోయింది. 2016లో సిద్దిపేట జిల్లాలో చేరింది. 2018లో చేర్యాల మునిసిపాలిటీ అయింది. ఈ నాలుగు ముక్కల్లో ఊరి మనిషి ఒక్కడూ కనబడడు. అతడు కనబడేది నకాషీ పటం మీద.

ఖాదీ గుడ్డకు చింతగింజల అంబలి, సుద్దమట్టి, బంక కలిపి పూసి ఆరబెడతారు. ఎర్రటి నేపథ్యం మీద కథ అరలు అరలుగా కిందికి దిగుతుంది. గీసేవాళ్లు నకాషీలు, చెప్పేవాళ్లు వేరు. పద్మశాలీలకు కూనపులివాళ్లు మార్కండేయ పురాణం చెబుతారు. గౌడులకు గౌడజెట్టీలు, ముదిరాజులకు కాకిపడగలవాళ్లు, మాదిగలకు డక్కలివాళ్లు. ఏ కథకుడు ఏ ఊళ్లు తిరగాలో కూడా తరతరాల హక్కుగా పంచుకున్నదే. అగ్రవర్ణ పురాణం అంటరానివాడన్న మనిషిని, జాంబపురాణం సృష్టికే ముందు పుట్టిన జాంబవంతుని వారసుడిగా నిలబెడుతుంది. దీన్ని మూఢనమ్మకమని కొట్టిపారేసే మన విమర్శకులు తొందరపడుతున్నారనే నా అభిప్రాయం. ఉత్పత్తి చేసే కులాలు తమ శ్రమకు తామే ఇచ్చుకున్న గౌరవం అది. అయితే ఆ గౌరవం కులం గీత దాటదు. సాలెవాని పటం మాదిగవాడలో విప్పరు.

ఈ పరిమితి ఎంతటిదో అదే ప్రాంతంలోని బైరాన్‌పల్లి చెబుతుంది. రజాకార్ల దాడులను ఎదుర్కోవడానికి ఆ ఊరివాళ్లు రక్షకదళం కట్టుకున్నారు. బురుజు మీద కాపలా పెట్టారు. నాటు తుపాకులతో, వడిసెలలతో దాడులను తిప్పికొట్టారు. 1948 ఆగస్టు 27న రజాకార్లు, నిజాం బలగాలు ఊరిమీద విరుచుకుపడి 90 మందికి పైగా జనాన్ని చంపేశారు. సరిగ్గా మూడు వారాలకు, సెప్టెంబరు 17న, నిజాం లొంగిపోయాడు. బురుజు కాపలాలో కులాల వంతులు లేవు. మరి ఆ కథను ఏ కులం పటం మీద గీయాలి? ఏ కథకునికి ఆ ఊరు హక్కు? పటం కథ చెప్పించేది పోషకకులం. ఊరంతా కలిసి చేసిన పోరాటానికి పోషకకులమంటూ ఉండదు. ఆనాటి పోరాటం బుర్రకథను ఎత్తుకోవడానికి ఇదొక కారణం కావచ్చు. దానికి వినే జనం చాలు, కులపెద్ద అనుమతి అక్కరలేదు.

ఇవాళ పోషకకులాలే పటం కథను మరిచిపోతున్నాయి. గజాల కొద్దీ విప్పే పటం గోడకు తగిలించే చట్రమంతకు కుదించుకుపోయింది. నకాషీ కుటుంబాలు బొమ్మల మీద, రంపపు పొట్టుతో చేసే ముఖాల మీద బతుకుతున్నాయి. కొనేవాళ్లు పట్నంవాళ్లు. వాళ్లు అడిగేది తాటిచెట్టెక్కే గౌడును, చల్ల చిలికే ఆడమనిషిని. బురుజును కాదు.